ఊరిని చూపించేది ఎవరు? (ఆక్లాండ్‌లో మావోరీల వెంట ఒక రోజు)

ఏ పెద్ద నగరానికి వెళ్లినా ‘సిటీ టూర్’ అనే మాట వినిపిస్తుంది. ఉదయం బస్సు ఎక్కిస్తారు, సాయంత్రం దించేస్తారు. ఈలోపు కోట, మ్యూజియం, పార్కు, పెద్ద వంతెన అన్నీ చూపిస్తారు. గైడ్ మైకులో చెబుతూ ఉంటాడు, మనం కిటికీలోంచి తల తిప్పి చూస్తూ ఉంటాం. న్యూజీలాండ్ దేశంలోని ఆక్లాండ్ నగరంలోనూ ఇలాంటి టూర్లు ఉన్నాయి. కానీ వాటిలో ఒక రకం టూర్ గురించి మన విద్యార్థులు తప్పక తెలుసుకోవాలి. నగర దర్శనాన్నీ, ఆ నేల మీద మొదట స్థిరపడిన మావోరి ప్రజల సంస్కృతినీ కలిపి ఒకే రోజులో చూపించే టూర్ అది. వీటిలో మంచివాటిలో గైడ్‌లు కూడా మావోరీలే. అంటే ఎవరి కథో, వాళ్లే చెబుతారు.

నేను ఆక్లాండ్ చూడలేదు. పి.జి. చదువుతూ ఈ విషయం మీద ఆసక్తి కలిగి తెలుసుకున్న సంగతులను మీతో పంచుకుంటున్నాను. ఏదో ఒక సంస్థ నడిపే టూరును వర్ణించడం నా ఉద్దేశం కాదు. ఇలాంటి యాత్రల్లో సాధారణంగా చూపే చోట్లను ఒక రోజుగా వరుసలో పేర్చి చెబుతాను.

మావోరీలు ఎవరు?

సుమారు 13వ శతాబ్దంలో పసిఫిక్ మహాసముద్రంలోని పోలినేషియా దీవుల నుంచి పెద్ద పెద్ద పడవల మీద నక్షత్రాలను, అలలను, పక్షులను గమనిస్తూ న్యూజీలాండ్ చేరిన వారి సంతతే మావోరీలు. తమ దేశాన్ని వారు ‘అయోతెయరోవా’ అంటారు. ఆక్లాండ్‌ను ‘తామకి మకౌరౌ’ అంటారు. అంటే ‘ఎందరో కోరుకున్న తామకి’ అని అర్థం. రెండు వైపులా రేవులు, సారవంతమైన అగ్నిపర్వతపు మట్టి, నిండుగా చేపలు ఉన్న చోటు కాబట్టి ఎన్నో తెగలు దానిని కోరుకున్నాయి.

మావోరి భాషలో ఒక విశేషం ఉంది. మన అక్షరమాలలో ‘ఙ’ ఉంది కదా! చిన్నప్పుడు దిద్దాం, ఆ తర్వాత మరిచిపోయాం. దానితో మొదలయ్యే మాట చెప్పమంటే మనకు తోచదు. మావోరి భాషలో ఆ ధ్వనితో మొదలయ్యే మాటలు కోకొల్లలు. ఆక్లాండ్ నడిబొడ్డు నేలకు వారసులైన తెగ పేరే ‘ఙాతి ఫాతువా ఒరాకెయి’.

మరొక మాట ‘ఫెనువా’. దీనికి భూమి అని అర్థం. తల్లి కడుపులోని మాయ అని కూడా అర్థం. బిడ్డ పుట్టాక మాయను తమ నేలలో పాతిపెట్టడం మావోరీల ఆచారం. మన పల్లెల్లోనూ మాయను మట్టిలో పాతడం పెద్దవాళ్లకు తెలిసిందే. తమను తాము వారు ‘తాంగత ఫెనువా’ అని చెప్పుకుంటారు, అంటే నేల మనుషులు అని. ఈ ఒక్క మాట గుర్తుంచుకుంటే మిగతా రోజంతా సులభంగా అర్థమవుతుంది.

ఉదయం: కొండ మీద

ఆక్లాండ్ నగరం సుమారు 50 అగ్నిపర్వతాల మీద వెలిసింది. యాత్ర సాధారణంగా ‘మౌంగఫౌ’ కొండతో మొదలవుతుంది. ఆంగ్లేయులు పెట్టిన పేరు మౌంట్ ఈడెన్. ఎత్తు 196 మీటర్లు. పైన గిన్నెలాంటి లోతైన బిలం ఉంటుంది. గైడ్ ముందుగానే చెబుతాడు, ఆ బిలంలోకి దిగకూడదని. అది వారికి పవిత్ర స్థలం. 2016 నుంచి సందర్శకుల కార్లను శిఖరం దాకా రానివ్వడం లేదు. నడిచే ఎక్కాలి.

మామూలు టూరిస్టు అక్కడి నుంచి నగరాన్ని చూసి ఫోటో తీసుకుంటాడు. మావోరి గైడ్ మాత్రం కాళ్ల కింద చూడమంటాడు. కొండ వాలు పొడవునా మెట్లు మెట్లుగా చదును చేసిన నేల కనిపిస్తుంది. ఒకప్పుడు అక్కడ ఇళ్లు ఉండేవి, చుట్టూ కర్రల కోట ఉండేది. అక్కడక్కడ కనిపించే గుంటలు ‘కుమర’ దాచుకున్న గోతులు. కుమర అంటే చిలగడదుంప. కొన్ని ప్రాంతాల్లో గెనుసుగడ్డ అంటామే, అదే. వేడి దీవుల నుంచి తెచ్చిన ఆ దుంప చలిదేశంలో బతకాలంటే చలికాలమంతా గోతుల్లో జాగ్రత్తగా దాచాలి. గడ్డి కప్పిన ఆ గుంటల్లో అంత వ్యవసాయ జ్ఞానం ఉంది. చెప్పేవాళ్లు లేకపోతే అవి ఉత్త గుంటలే.

ఇంకో కొండ ‘మౌంగకియెకియె’, ఎత్తు 182 మీటర్లు. దాని మీద రాతి స్తంభం ఒకటి ఉంది. ‘ఆక్లాండ్ పితామహుడు’ అని పేరున్న వ్యాపారి జాన్ లోగన్ క్యాంప్‌బెల్ రాసిన వీలునామా ప్రకారం దానిని కట్టారు. మావోరి జాతి అంతరించిపోతుందని అప్పట్లో చాలామంది తెల్లవారు అనుకున్నారు, ఆయనా అలాగే భయపడ్డాడు. అందుకే వారి జ్ఞాపకార్థం స్తంభం కట్టమని డబ్బు పెట్టి 1912లో కన్నుమూశాడు. 1896 జనాభా లెక్కల్లో మావోరీలు సుమారు 42 వేలే. యూరోపియన్లు తెచ్చిన రోగాలు, తుపాకులు, భూమి పోవడం వారిని ఆ స్థితికి తెచ్చాయి. 2023 జనాభా లెక్కల్లో తాము మావోరి సంతతి అని చెప్పుకున్నవారు దాదాపు 9 లక్షల 78 వేల మంది. చనిపోయారని కట్టిన స్మారకం పక్కనే నిలబడి, ఆ జాతి మనిషే సందర్శకులకు ఈ సంగతి వివరించగలుగుతున్నాడు.

2014లో ప్రత్యేక చట్టం ద్వారా ఇలాంటి 14 కొండల యాజమాన్యాన్ని 13 మావోరి తెగల సమూహానికి తిరిగి ఇచ్చారు. వాటిని ఇప్పుడు తెగల ప్రతినిధులు, నగర పాలక సంస్థ కలిసి నిర్వహిస్తున్నారు. ఎవరైనా వచ్చి తిరగవచ్చు.

మధ్యాహ్నం: మ్యూజియంలో ఇల్లు

తర్వాత ఆక్లాండ్ మ్యూజియం. ఇక్కడ ‘తే తోకి అ తాపిరి’ అనే యుద్ధ పడవ ఉంది. 1836 ప్రాంతంలో తయారైంది, పొడవు 25 మీటర్లు. వంద మంది ఎక్కి తెడ్లు వేయగలరు. 1863లో యుద్ధకాలంలో ప్రభుత్వ బలగాలు దాన్ని స్వాధీనం చేసుకున్నాయి. దాని పక్కనే ‘హోతునుయి’ అనే సభా గృహం ఉంది. ఒక పెళ్లి కానుకగా 1878లో కట్టారు. లోపలికి వెళ్లాలంటే చెప్పులు బయట విడవాలి.

మావోరి సభా గృహం అంటే పూర్వీకుని దేహం. ఇంటి ముందు పైన చెక్కిన తల ఆయన తల. రెండు పక్కలకు వాలిన దూలాలు చాచిన చేతులు. పైకప్పు మధ్య దూలం వెన్నెముక, వాసాలు పక్కటెముకలు. లోపల కూర్చున్నవాళ్లు తాతగారి ఒళ్లో కూర్చున్నట్టే. గోడల మీది బొమ్మలు ఆ వంశంలోని మనుషులు. రాత లేని కాలంలో ఆ ఇల్లే వారి చరిత్ర పుస్తకం.

అతిథిని ఆహ్వానించే పద్ధతిని ‘పోఫిరి’ అంటారు. మొదట ఒక యోధుడు ఆయుధం తిప్పుతూ ఎదురొచ్చి, ఒక ఆకునో చిన్న గుర్తునో నేల మీద పెడతాడు. వచ్చినవారిలో పెద్ద దానిని తీసుకుంటే, మేం స్నేహంగా వచ్చామని అర్థం. అప్పుడు ఇంటి స్త్రీ గొంతెత్తి పిలుస్తుంది. ఆ పిలుపు లేకుండా లోపలికి అడుగు పెట్టకూడదు. తర్వాత ప్రసంగాలు, పాటలు. చివరికి ‘హొంగి’, అంటే ముక్కుకు ముక్కు, నుదుటికి నుదురు ఆనించి ఒకే ఊపిరి పంచుకోవడం. ఆపైన భోజనం. ఒక్కోసారి ‘హాంగి’ వండుతారు. గోతిలో కాల్చిన రాళ్ల మీద మాంసం, కుమర పెట్టి, తడి గుడ్డలు కప్పి, పైన మట్టి పోసి కొన్ని గంటలపాటు ఉడికించే వంట అది. హొంగి, హాంగి రెండూ వేరు. ఒకటి పలకరింపు, ఒకటి పొయ్యి!

టూరిస్టులకు చేసేది దీనికి కుదించిన రూపం. అందులో ‘హాక’ కూడా ఉంటుంది. న్యూజీలాండ్ రగ్బీ జట్టు ఆటకు ముందు చేసే నృత్యంగా టీవీలో చూసే ఉంటారు. ఆ జట్టు వల్ల లోకప్రసిద్ధమైన ‘క మతె’ హాకను కూర్చినవాడు తే రౌపరాహా. ఆయన ఙాతి తోఅ తెగ నాయకుడు. ఎన్నో ఏళ్లు ఎవరు పడితే వారు ప్రకటనల్లో వాడుకున్న తర్వాత 2014లో న్యూజీలాండ్ పార్లమెంటు చట్టం చేసింది. వాణిజ్యానికి ఆ హాకను వాడితే కర్త పేరు, తెగ పేరు చెప్పాలి. పాటకు సొంతదారు ఎవరో చెప్పడం కూడా హక్కేనని ఒక దేశం ఒప్పుకుంది.

సాయంత్రం ముందు: పచ్చిక మైదానం

నగరానికి తూర్పున సముద్రం ఒడ్డున ‘తకపరఫౌ’ అనే గుట్ట ఉంది. ఇంగ్లీషు పేరు బాస్టియన్ పాయింట్. పచ్చని గడ్డి, కింద నీలి సముద్రం, 1935 నుంచి 1940 వరకు ప్రధానిగా ఉన్న మైకేల్ జోసెఫ్ సావేజ్ సమాధి ఉద్యానం. చాలామందికి ఇది అందమైన వ్యూ పాయింట్. గైడ్ ఆ తెగవాడైతే మాత్రం యాత్ర మొత్తంలో ముఖ్యమైన చోటు ఇదే.

1840 ఫిబ్రవరి 6న బ్రిటిష్ ప్రతినిధులకూ మావోరి నాయకులకూ వైతంగి ఒప్పందం కుదిరింది. ఇంగ్లీషు ప్రతిలో సార్వభౌమాధికారం బ్రిటిష్ రాణికి ఇచ్చినట్టు ఉంది. మావోరి ప్రతిలో పరిపాలన మాత్రమే ఇచ్చి, తమ నేల మీద తమ పెద్దరికం నిలుపుకున్నట్టు ఉంది. ఒకే కాగితం, రెండు అర్థాలు. నూట ఎనభై ఏళ్లు దాటినా ఆ తగాదా తెగలేదు.

అదే ఏడాది ఙాతి ఫాతువా నాయకుడు అపిహాయి తే కవౌ రాజధాని కట్టుకోమని గవర్నరుకు సుమారు 3,000 ఎకరాలు ఇచ్చాడు. బదులుగా అందింది 50 పౌండ్ల నగదు, దుప్పట్లు, చొక్కాలు, ఇనుప కుండలు, పొగాకు, గొడ్డళ్లు, ఒక బస్తా పంచదార, ఒక బస్తా పిండి. ఏడాది తిరగకముందే ప్రభుత్వం అందులో 44 ఎకరాలను 24,275 పౌండ్లకు అమ్ముకుంది. ఆ తర్వాత మిగిలిన భూమి కూడా ముక్క ముక్కగా పోయింది. 1886లో రక్షణ అవసరమని గుట్ట మీద 13 ఎకరాలు తీసుకున్నారు. 1910ల దశకంలో నగరపు మురుగు గొట్టాన్ని వారి ఊరి ముందు తీరం వెంట వేశారు. గొట్టపు కట్ట అడ్డుపడి ఊళ్లో వాన నీరు నిలిచిపోయేది, సముద్రంలోకి మురుగు వదిలేవారు. చివరికి 1952లో ఆ ఊరిని ఖాళీ చేయించి ఇళ్లు తగలబెట్టారు. 1953లో బ్రిటిష్ రాణి వచ్చే దారిలో ఆ ఊరు కంటికి ఇంపుగా ఉండదన్నది చెప్పుకున్న కారణాల్లో ఒకటి. ఒక నగరం మొత్తానికి చోటిచ్చిన తెగకు మిగిలింది పావు ఎకరం శ్మశానం.

1976లో ప్రభుత్వం ఆ గుట్ట మీద ధనవంతులకు ఇళ్ల స్థలాలు వేస్తామని ప్రకటించింది. 1977 జనవరి 5న జో హాక్ నాయకత్వంలో తెగవాళ్లు అక్కడికి వెళ్లి గుడారాలు, గుడిసెలు వేసుకున్నారు. కూరగాయలు పండించుకున్నారు, సభా గృహం కట్టుకున్నారు. చలికాలం, వాన, గాలి అన్నీ భరించారు. మంటలు అంటుకుని ఒక చిన్న పాప చనిపోయింది. అయినా కదల్లేదు. 1978 మే 25న, 506వ రోజున, పెద్ద ఎత్తున పోలీసులు, సైన్యపు వాహనాలు వచ్చి 222 మందిని అరెస్టు చేశారు. కట్టుకున్నవన్నీ కూల్చేశారు.

అది ఓటమిలా కనిపించింది. కానీ వైతంగి ఒప్పంద ఉల్లంఘనలను విచారించే ట్రిబ్యునల్‌కు 1840 దాకా వెనక్కి వెళ్లే అధికారం 1985లో వచ్చింది. 1987లో ఒరాకెయి తెగకు అన్యాయం జరిగిందని అది నివేదిక ఇచ్చింది. మరుసటి ఏడాదే భూమి తిరిగి ఇవ్వడానికి ప్రభుత్వం ఒప్పుకుంది. 1991లో చట్టం వచ్చింది. చేజిక్కిన సముద్రపు ఒడ్డు పచ్చికను తెగ తమకే దాచుకోలేదు. నగర ప్రజలందరూ తిరగడానికి తెరిచే ఉంచింది. నేడు టూరిస్టు ఫోటో తీసుకునే గడ్డి అదే.

తిరుగు దారి: వంతెన

తిరుగు ప్రయాణంలో ఆక్లాండ్ హార్బర్ బ్రిడ్జి కనిపిస్తుంది. 1959లో ప్రారంభమైంది. దూరంగా 328 మీటర్ల స్కై టవర్. 1975లో భూమి కోసం మావోరీలు దేశం ఉత్తర కొస నుంచి రాజధాని వెల్లింగ్టన్ దాకా సుమారు వెయ్యి కిలోమీటర్లు పాదయాత్ర చేసినప్పుడు ఈ వంతెన మీదుగానే నడిచారు. ముందు నిలిచినది హ్వినా కూపర్ అనే అవ్వ. అప్పటికి ఆమె వయసు 79 ఏళ్లు. 2024 నవంబరులో ఒప్పందపు అర్థాన్ని మార్చే బిల్లును వ్యతిరేకిస్తూ మళ్లీ వేలమంది ఇదే వంతెన దాటారు. ఆ బిల్లు 2025 ఏప్రిల్‌లో పార్లమెంటులో ఓడిపోయింది. ఇంజినీరింగ్ గొప్పతనం చెప్పే గైడ్‌కు అది ఉక్కు వంతెన. మావోరి గైడ్‌కు అది అవ్వ నడిచిన దారి.

గైడ్ నుంచి పండితురాలిదాకా

పర్యాటకులకు తమ కథ తామే చెప్పడం మావోరీలకు కొత్త కాదు. ఆక్లాండ్‌కు దక్షిణాన రోటొరువా ప్రాంతంలో వేడినీటి బుగ్గలు చూపే మావోరి స్త్రీలు 19వ శతాబ్దంలోనే పేరుపొందారు. వారిలో 1873లో పుట్టిన మాకెరెతి ఒకరు. ‘మాగీ పాపకురా’ అనే పేరుతో గైడ్‌గా ప్రసిద్ధురాలు. 1901లో బ్రిటిష్ రాజకుమారుడికి, ఆయన భార్యకు ఆ ప్రాంతం చూపించింది ఆమే. తర్వాత ఇంగ్లండ్ వెళ్లి, 1922లో ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో మానవశాస్త్రం చదవడానికి చేరింది. తన తెగవారి జీవితం గురించే పరిశోధన రాసింది. సమర్పించడానికి కొద్ది వారాల ముందు, 1930లో చనిపోయింది. ఆమె రాసినది 1938లో పుస్తకంగా వచ్చింది. 2025లో ఆక్స్‌ఫర్డ్ ఆమెకు మరణానంతరం డిగ్రీ ఇచ్చింది. 95 ఏళ్లు ఆలస్యమైనా పట్టా ఆమె పేరు మీదే వచ్చింది.

ఇతరులు మావోరీల మీద పుస్తకాలు రాస్తున్న కాలంలో ఆమె ‘మా ఇంట్లో ఇలా చేస్తాం, మా అమ్మమ్మ ఇలా చెప్పింది’ అని రాసింది. టూరిస్టులు అడిగే ప్రశ్నలకు జవాబులు చెప్పీ చెప్పీ, తనకు తెలిసినది ఎంత విలువైనదో ఆమెకు బాగా అర్థమై ఉంటుందని నాకు అనిపిస్తుంది.

మనకు దీనితో ఏం పని?

విశాఖపట్నం నుంచి అరకుకు కూడా ఒకరోజు టూర్లు ఉన్నాయి. బొర్రా గుహలు, కాఫీ తోటలు, 1996లో ప్రారంభమైన గిరిజన మ్యూజియం, థింసా నృత్యం అందులో చూపిస్తారు. చేతులు కలిపి ఆడేవారి అడుగులు అందరం చూస్తాం. ఆ అడుగు ఏ పండుగది, ఏ పంటది, ఆడుతున్న అవ్వ పేరేమిటి అని ఎంతమందిమి అడుగుతాం? ఆ మైకు ఆ ఊరి పిల్ల చేతిలో ఉంటే టూర్ ఎలా ఉంటుంది?

అంత దూరం ఎందుకు, మన హాస్టల్‌కూ ఎవరెవరో వస్తుంటారు. మనం వరుసలో నిలబడతాం, స్వాగత గీతం పాడతాం. ‘ఈ పిల్లలు ఎక్కడెక్కడి నుంచో వచ్చారు’ అని మన గురించి మైకులో ఇంకొకరు చెబుతారు. మనం చప్పట్లు కొడతాం. ఎక్కడెక్కడి నుంచి వచ్చామో మనకే కదా బాగా తెలుసు!

మావోరీలు సభలో నిలబడి తమను పరిచయం చేసుకునే తీరును ‘పెపెహ’ అంటారు. ముందు తమ కొండ పేరు, తమ నది పేరు, తమవారు వచ్చిన పడవ పేరు, తెగ పేరు చెబుతారు. తమ సొంత పేరు చివర్లో వస్తుంది. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! ఈ సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు ఒక నోటు పుస్తకం తీసుకెళ్లండి. మీ ఊరి గుట్ట పేరు, చెరువు పేరు, మీ వాడ పేరు, పొలాల పేర్లు రాయండి. ఆ పేర్లు ఎందుకు వచ్చాయో నాయనమ్మను, తాతను అడగండి. ఎవరి భూమి ఎప్పుడు ఎలా పోయిందో, ఎవరు ఎదురు నిలిచారో అడగండి. వాళ్లు చదువుకోలేదు కాబట్టి అవి ఏ పుస్తకంలోనూ ఉండవు. చదువుకున్నది మనం కాబట్టి రాయవలసిందీ మనమే. వచ్చే ఏడాది ఈ వార్షిక సంచికలో అవే అచ్చవ్వాలని, వచ్చిన అతిథులకు మన ఊళ్లను మనమే చూపించాలని కోరుకుంటున్నాను.